వెనక వరుసలో ఎహసాన్

“ముందు ఇళ్ల మొహాలు చూడండి, తలుపుల సంగతి తర్వాత” అని ఇంగ్లీషులో చెబుతూ సఫియా చేయెత్తి, సముద్రపు ఒడ్డున కార్నిష్ రోడ్డు వెంబడి భుజాలు రాసుకుంటూ నిలబడ్డ తెల్లటి మేడల వైపు చూపిస్తున్నప్పుడే, గుంపు చివర, గడ్డి టోపీలకూ కెమెరాలకూ అవతల, బూడిదరంగు సఫారీ సూటు ఒకటి ఆమె కంటబడింది. ఎహసాన్. తన మొగుడు. డిసెంబరు చల్లదనంలో కూడా కాలరు కింద రుమాలు మడిచి పెట్టుకునే మనిషి మస్కట్ రేవు పేట మత్రా మొత్తంలో ఇంకొకడు లేడు. ఇంటి దగ్గర పెట్టెలకు తాళ్లు బిగిస్తూ ఉండాలి కదా ఈ వేళకు, ఇక్కడికెందుకొచ్చాడు, ఎప్పుడొచ్చి కలిశాడు, చేపల మార్కెట్టు దగ్గర ఓడలోంచి దిగినవాళ్లను పోగు చేసుకున్నప్పుడు లేడే. అయినా నోరు ఆగలేదు. చిన్నపిల్లల బడిలో పాఠాలు చెప్పిన రోజుల్లోనే ఆమెకు నోరొక దారినా మనసొక దారినా నడవడం అలవాటైంది. పిల్లల చేత అంకెలు పలికిస్తూ మధ్యాహ్నం కూరకు ఏం తరగాలో ఆలోచించేది. ఇప్పుడూ అంతే, నోరు చెప్పుకుపోతోంది, ఈ మేడలు కట్టినవాళ్లు సముద్రాన్ని నమ్ముకుని బతికిన వర్తకులనీ, కింది అంతస్తు సరుకుకు, పై అంతస్తు మనుషులకు అనీ, ఆ చెక్క బాల్కనీల్లో కూర్చుని తమ పడవ రేవులోకి వస్తోందో లేదో చూసుకునేవాళ్లనీ. మనసు మాత్రం ఆ సఫారీ సూటు చుట్టూ ఈగలా తిరుగుతోంది. కోపంగా ఉన్నాడా. మొహం చూస్తే తెలియదు. ఎహసాన్ మొహం ఎప్పుడూ మూసిన కొట్టులా ఉంటుంది, లోపల దీపం వెలుగుతోందో లేదో తలుపు తట్టినవాళ్లకే తెలియాలి. తను తట్టి ఎన్నాళ్లయిందో.

నడవమన్నట్టు చేయి ఊపి ముందుకు కదిలింది. కాన్వాసు బూట్లు వేసుకున్న పాదాలకు ఈ రోడ్డు ఎంత తెలుసో, ఎక్కడ పేవ్‌మెంటు రాయి కదులుతుందో, ఎక్కడ నీళ్లు నిలుస్తాయో. ఎడమ పక్క రేవులో తెల్లటి ఓడ, ఊళ్లోకి ఇంకో వీధి వచ్చి నిలబడ్డట్టు. ఆ ఓడ సాయంత్రం పోతుంది. గురువారం తామూ పోవాలి. బాంబే దాకా విమానం, అక్కణ్ణుంచి రైల్లో కడప. ఎహసాన్ లెక్కలు రాసిన బట్టల కొట్టు పెద్ద సేఠ్ చనిపోయాడు, కొడుకులకు టోకు వ్యాపారం మీద మోజు లేదు, మూసేస్తున్నారు. కడపలో ఏడురోడ్ల దగ్గర తమ్ముడు కరెంటు సామాన్ల కొట్టు పెట్టాడు, రా అన్నా చూసుకుందాం అన్నాడు, ఎహసాన్ సరేనన్నాడు, రెండు టికెట్లు తెచ్చి ఫ్రిజ్ మీద పెట్టాడు. ఆమెను అడగలేదు. అడగాలని ఆయనకు తోచలేదు, అంతే, చెడ్డ ఉద్దేశం కాదు. పదిహేడేళ్ల కిందట మస్కట్‌కు తెచ్చినప్పుడు అడిగాడా, ఇప్పుడు తీసుకుపోయేటప్పుడు అడగడానికి. ఆమె అన్నం గిన్నె ముందు పెట్టి, తినండి చల్లారిపోతుంది అంది. ఆ మర్నాడే టూర్ల కంపెనీ జహీరుద్దీన్, ఆ హైదరాబాదు మనిషి, బస్సు మెట్ల మీద నిలబడి, ఆపా మీరు వెళ్లిపోతే ఈ నడక ఆగిపోతుంది, మీ వీసా కంపెనీ పేరు మీదికి మార్పిస్తాను, మీరు ఊఁ అంటే చాలు, శనివారం నడక అయ్యాక చెప్పండి అన్నాడు. ఇవాళ శనివారం. ఇంట్లో చెప్పలేదు. భయపడి కాదు. మాట ముందు తన లోపల గట్టిపడాలి, పచ్చి గోడ మీద బరువు పెట్టకూడదు అనుకుంది. ఈ నాలుగు రోజుల్లో గట్టిపడిందా అంటే, పడింది. నిన్న సాయంత్రం చాయ్ కాస్తుంటే తెలిసింది, ఏ హడావుడీ లేకుండా, పాలు పొంగినట్టు కాదు, పంచదార కరిగినట్టు. ఉండిపోవాలి.

ఎత్తైన గోడలో కోట ద్వారం లాంటి గుమ్మం దగ్గర ఆగింది. ఇది లవాతియాలనే వర్తకుల వాడ, లోపల వాళ్ల కుటుంబాలున్నాయి, మనం లోపలికి వెళ్లం అని చెప్పింది. ఎర్రగా కాలిన మెడతో ఒక పెద్దాయన, ఒక్క ఫోటో, గుమ్మం దాటి రెండడుగులే అన్నాడు. రెండడుగులు కూడా వద్దు సార్, మీ ఇంటి ముందు నేను ఓడ దిగి మీ వంటగదిలోకి కెమెరా పెడితే ఊరుకుంటారా అంది నవ్వుతూ. గుంపు నవ్వింది, ఆయనా నవ్వి కెమెరా దించాడు. వద్దు అనే మాటను నవ్వుతూ చెప్పడం, చెప్పాక నిలబడడం, ఇది ఆమెకు వీధులు నేర్పిన విద్య. మొదట్లో, ఎవరైనా ఎదురడిగితే మాట మార్చేసేది. ఇప్పుడు గుంపు ఎంత పెద్దదైనా, ఎన్ని దేశాలదైనా, వాళ్ల నడకను పట్టి తెలుసుకుంటుంది ఎవరికి కాళ్లు నొప్పో, ఎవరికి ఆకలో, ఎవరు తన పెళ్లాం మీద కోపంగా ఉన్నారో. వెనక వరుసలో ఉన్న ఆ ఒక్క మనిషి నడక మాత్రం, తనకు అన్నిటికన్నా బాగా తెలియాల్సినది, ఇవాళ కొత్తగా ఉంది. ఎహసాన్ చేతులు వెనక్కి కట్టుకుని, తలెత్తి, బాల్కనీలను చూస్తున్నాడు. రోజూ ఈ రోడ్డునే కొట్టుకు వెళ్లినవాడు. ఎప్పుడైనా తలెత్తాడా.

సూక్‌లోకి, ఆ పాత బజారులోకి తిరగ్గానే వెలుతురు తగ్గి, సాంబ్రాణి పొగ, కొత్త బట్టల గంజి వాసన, ఎక్కడో వేయిస్తున్న కాఫీ గింజల మాడు, అన్నీ ఒక్కసారిగా మీద పడ్డాయి. ఈ వాసనతోనే ఆమె మత్రాను మొదట కలుసుకుంది. డెబ్బై తొమ్మిదిలో, నల్ల బుర్ఖాలో, ఇరవై ఒక్కేళ్ల పెళ్లికూతురు, కడప కాలేజీలో బీయే చదివి చరిత్రలో మంచి మార్కులు తెచ్చుకున్న పిల్ల, ముసుగు లోంచి ఏమీ కనబడక వాసనలు పట్టుకుని ఎహసాన్ చెప్పుల చప్పుడు వెంట నడిచింది. అప్పుడు ఆయన ముందు, తను వెనక. ఇప్పుడు, అని తోచి పెదవి బిగించుకుంది, లేకపోతే గుంపు ముందు నవ్వొచ్చేది. పైకప్పు చూడండి, ఇది ఎండను ఆపి గాలిని ఆపదు, సందు ఇంత ఇరుకుగా ఎందుకుందంటే రెండు గోడల నీడలు ఒకదాన్నొకటి అందుకోవాలని, ఇక్కడ కట్టడం అంటే సగం ఎండతో బేరమాడటమే. ఈ మాట బీబీ షమ్సాది. ఆమె బలూచీ ముసలావిడ, మత్రాలో పుట్టి మత్రాలో ముసలైంది, సగం ఉర్దూ సగం అరబ్బీ కలిపి మాట్లాడేది. సేఠ్ తన గుమాస్తా కాపురానికి అద్దెకు తీసుకున్న మేడ ఆవిడదే. కింద గోడౌను, వెనక వైపు గదుల్లో బీబీ, పైన కొత్త దంపతులు. ఇంట్లో వాళ్లిద్దరూ దక్కనీలో మాట్లాడుకునేవాళ్లు, కానీ మత్రాలో అది అందరికీ అర్థమయ్యే భాష, కిటికీ కింద పోయే కూలీ దాకా. అందుకే ఏ గుట్టు మాటైనా, ఏ కసురైనా, ఏ ముద్దైనా, తెలుగులోకి దిగేవాళ్లు. అట్లా సఫియాకు తెలుగు పడకగది భాష అయింది, పోట్లాట భాష కూడా. ఎక్కువగా ఎహసాన్ తెలుగులో అన్న మాట ఒకటే, గొంతు తగ్గించు, కిందికి ఇనపడతాది. తగ్గించింది. ఎంత తగ్గించిందంటే కొన్నాళ్లకు తన గొంతు తనకే వినబడటం మానేసింది.

సూక్ వెనక మలుపు తిరిగి, చెక్కిన టేకు తలుపులున్న సందులోకి గుంపును తిప్పబోతే, ఎదురుగా ఎర్ర తాడు కట్టి ఉంది. తాడు అవతల గుంత, గుంత నిండా బురద నీళ్లు, అందులో ప్యాంటు పైకి మడుచుకుని నిజామాబాదు భీమన్న. నీళ్ల పైపుల కాంట్రాక్టరు దగ్గర పని చేస్తాడు, వారానికోసారైనా ఈ గల్లీల్లో ఎదురుపడతాడు, తెలుగు వినబడితే చాలు పార ఆపి మాట్లాడతాడు.

“అమ్మా, గీ గల్లీ బందు. తెల్లారంగ పైపు పలిగింది. మోకాల్లోతు నీళ్లున్నయ్, గీ ముసలోళ్లను ఎట్ల తోలుకపోతవ్?”

“ఎంతసేపు పడ్తాది భీమన్నా?”

“పగటాల్ల దాంక అయితది. ఇంక దారి లేదా నీకు?”

ఉంది. ఒక్కటే ఉంది. ఈ సందుకూ పై సందుకూ మధ్య ఆ మేడ ఉంది, తామొకప్పుడు కాపురమున్న బీబీ షమ్సా మేడ, ముందు తలుపు ఇటు, వెనక తలుపు అటు. ఆ ఇంట్లోంచి నడిచి అవతల పడితే కొండ కిందికి చేరొచ్చు. ఇన్నాళ్లలో ఒక్క గుంపునూ ఆమె అటు తిప్పలేదు. ఆ తలుపు ముందుగా పోవాల్సి వస్తే కూడా, ఇక్కడ సామాన్ల గోడౌన్లున్నాయి అని ఒక్క ముక్క చెప్పి నడక పెంచేది. మత్రాలో ప్రతి ఇంటి మీదా ఆమెకు చెప్పడానికి కథ ఉంది, ఆ ఇంటికి తప్ప. వెనక్కి తిరిగి బస్సెక్కిద్దామా, నడక సగంలో ఆగిపోయింది క్షమించండి అని చెప్పి. ఆ ఆలోచన వచ్చినంత త్వరగానే పోయింది. సగంలో ఆపడం ఆమెకు చేతకాదు. “దారి మారుతోంది, ఇంకా మంచి దారికి మారుతోంది” అని గట్టిగా చెప్పి, గుంపును ఎడమకు తిప్పి, రంగు వెలిసిన ఆ నీలం తలుపు ముందు నిలబెట్టింది. తాళం వేసి ఉంది. వేసి ఉంటుందని తెలిసే వచ్చింది. తాళం చెవి ఎవరి జేబులో ఉందో కూడా తెలుసు.

గుంపు రెండుగా చీలి దారిచ్చింది, సఫారీ సూటు ముందుకొచ్చింది. కొట్టు ఖాళీ చేసి గురువారం లోపల అప్పజెప్పాల్సిన ఇల్లు, లెక్కల మనిషి దగ్గరే ఉంటుంది చెవి. ఎహసాన్ ఆమె మొహం చూడలేదు. తాళంలో చెవి పెట్టి, తలుపును భుజంతో ఒక పక్కకు నెట్టి, కొంచెం పైకెత్తి తెరిచాడు. ఆ తలుపు అట్లా ఎత్తితేనే తెరుచుకుంటుంది, వాళ్లిద్దరికీ తెలుసు. కెమెరా పెద్దాయన, ఈయన మీ మనిషేనా అని అడిగాడు. “నా భర్త” అంది సఫియా. “నన్ను ఈ ఇంటికి తీసుకొచ్చింది ఈయనే.” పాతికమంది టోపీలు ఎత్తి ఎహసాన్‌కు సలాము చేసినంత పని చేశారు. ఆయన ఏం చేయాలో తెలియక రుమాలు తీసి, తుడుచుకోవడానికి చెమట లేక, మళ్లీ పెట్టుకున్నాడు.

లోపల నడవ ఖాళీ. బట్టల మూటలు లేని ఆ నడవను ఆమె ఎప్పుడూ చూడలేదు. ఇంత పెద్దదా ఇది. పైన చదరంగా ఆకాశం, గోడలకు సారూజ్ పూత, కాల్చిన మట్టినీ సున్నాన్నీ కలిపి కొట్టిన గార, అక్కడక్కడ పెచ్చులూడి లోపలి రాళ్లు కనబడుతున్నాయి. పైకప్పు దూలాలు మడ చెట్లవి, ఆఫ్రికా తీరం నుంచి పడవల్లో వచ్చాయి, ఆ దూలం పొడవెంతో మీ గది వెడల్పంతే, అందుకే మత్రాలో గదులన్నీ పొడుగ్గా సన్నగా ఉంటాయి, దూలాల మీద ఖర్జూరాకు చాప, చాప మీద మట్టి. నోరు తన దారిన చెబుతోంది. మనసు మెట్లెక్కుతోంది. మలుపు దగ్గర తల వంచాలి. పైన ఎడమ గది, కిరసనాయిలు స్టవ్వు, కూతురు తయ్యబాకు ఉయ్యాల కట్టిన కొక్కెం. అదే తయ్యబా ఇప్పుడు హైదరాబాదు హాస్టల్లో ఇంటర్ చదువుతోంది, మొన్న ఫోనులో, అమ్మీ నువ్వు వచ్చేస్తే ఓడ నుంచి దిగేవాళ్లకు దారెవరు చూపిస్తారు అంది, మామూలుగా, అన్నం తిన్నావా అన్నంత మామూలుగా. కుడి వైపు వీధి మీదికి చెక్క జాలీ బాల్కనీ. జాలీ కింది రెక్కలు మూసి ఉంచేవాడు ఎహసాన్, డ్యూటీకి పోయే ముందు రోజూ వేలితో నెట్టి చూసుకునేవాడు. తొలి ఏడాదంతా ఆమె సముద్రాన్ని ముట్టుకోలేదు. ఒక్క వరస ఇళ్ల అవతలే ఉంది, రాత్రిళ్లు దాని చప్పుడుకు నిద్రపట్టేది, పొద్దున లేస్తే పెదవుల మీద ఉప్పు, కానీ నీళ్లు చూడలేదు.

ఒక వెండి జుట్టావిడ, చేతికర్ర మీద ఆనుకుని, పైగది తెరిచిన తలుపులోంచి కనబడుతున్న ఆ జాలీ వైపు చూపించి, దాని వెనక కూర్చుంటే ఎలా ఉండేదో అంది. ఎవర్నీ అడిగినట్టు కాదు, ఊరికే. అప్పుడు నోరూ మనసూ ఒకే దారిలోకి వచ్చి ఒకదానికొకటి ఢీకొన్నాయి.

“చెబుతాను” అంది సఫియా. “తొమ్మిదేళ్లు దాని వెనక కూర్చున్నాను.”

చెప్పింది. కింద నుంచి చూస్తే అది నల్లటి చెక్క, పైనుంచి చూస్తే ఊరంతా. ఎదురింటివాళ్లు మూడో అంతస్తు లేపడం మొదటి రాయి నుంచి చివరి పూత దాకా చూశాను, గార ఎంతసేపు కొడతారో, ఏ పూట పూస్తారో. పొద్దున సముద్రం గాలి ఆ సందులోంచి ఎక్కి ఈ నడవలో తిరిగి పైకి పోతుంది, రాత్రి కొండ గాలి దిగుతుంది, కొవ్వొత్తి పెట్టి చూశాను, నాకు వేరే పనేముంది. పెళ్లి ఊరేగింపులు, గొడవలు, రంజాన్ సంతలు, అన్నీ తల పైనుంచి చూశాను, ఈ ఊళ్లో మనుషుల బట్టతలలన్నీ నాకు తెలుసు. గుంపు నవ్వింది. ఒక సంవత్సరం కొండ మీద వాన పడి ఎండు వాగు వాదీ పొంగి సూక్‌లోకి నీళ్లొచ్చాయి, కింద బట్టల మూటలు తేలుతుంటే బీబీ షమ్సా పైకొచ్చి నా చేయి పట్టుకుని లాగింది. ఆ మూటలు మోయడానికి చేతులు కావాలి, ముసుగు తర్వాత కప్పుకో అంది. ఆ రోజు నడుం లోతు నీళ్లలో వీధిలోకి దిగాను. మూటలన్నీ గట్టెక్కించాక బీబీ నన్ను ఎదురు గోడ దగ్గరికి తీసుకెళ్లి తలెత్తమంది. ఇల్లంటే ఏమిటో లోపల కూర్చుంటే సగమే తెలుస్తుంది, మిగతా సగం వీధిలో ఉంటుంది, రోజూ దిగి చూడు అంది. దిగాను. ముందు సందు చివరి దాకా, తర్వాత సూక్ దాకా, తర్వాత బడిలో ఉద్యోగం దాకా. తోటి టీచర్లకు సెలవు రోజుల్లో తలుపులు చూపించేదాన్ని, వాళ్లు ఇంకొకళ్లకు చెప్పారు, అట్లా మీ దాకా.

వెండి జుట్టావిడ అడిగింది, మెల్లగా, మీరిక్కడ సంతోషంగా ఉన్నారా అప్పుడు అని.

అబద్ధం చెప్పడం తేలిక. సంతోషంగా ఉన్నాను అంటే ఆవిడ తలూపుతుంది, నడక సాగుతుంది. నిజం చెప్పడం కూడా తేలికేనని ఆ క్షణంలో తెలిసి సఫియాకు ఆశ్చర్యమేసింది. “లేను” అంది. “ఇల్లు చాలా బాగా కట్టారు. దాన్నుంచి బయటికి రావడానికి నాకే చాలా ఏళ్లు పట్టింది. కానీ నేను చూసిందేదీ వృథా పోలేదు. ఇవాళ మీకు చెప్పేదంతా అక్కడ కూర్చుని నేర్చుకున్నదే.”

పావురం ఒకటి దూలం మీద సర్దుకుంది. ఆమె వెనక వైపు చూడకూడదనుకుంది, చూసింది. ఎహసాన్ గుమ్మం దగ్గర, గొళ్లెం పట్టుకుని నిలబడి ఉన్నాడు. ఆయనకు ఇంగ్లీషు వస్తుంది, సేఠ్ ఉత్తరాలన్నీ ఆయనే రాసేవాడు. ఇంతమంది ముందు, ఇంత గట్టిగా. ఇప్పుడు తల తిప్పుకుని వెళ్లిపోతాడు, పోనీ, పోతే పోతాడు, చెప్పిన మాట చెప్పిందే.

“ఏమ్మే” అన్నాడు ఎహసాన్ తెలుగులో. అందరూ తిరిగి చూశారు. “ఎనకోళ్లకు ఇనపల్యా. మళ్లా చెప్పు.”

వినబడలేదా నిజంగా, లేక రెండోసారి వింటే గానీ నమ్మలేడా. గొంతు అదే, కొట్టులో లెక్క తప్పిందని అనుమానమొస్తే కుర్రాళ్ల చేత మొదటి నుంచి చదివించే గొంతు. ఎగతాళి లేదు, కోపం లేదు. ఆమె ఊపిరి తీసుకుంది. మళ్లీ చెప్పింది, ఇంగ్లీషులోనే, ఇంకా గట్టిగా, ఆయన కళ్లలోకి చూస్తూ, ఒక్క మాటా తగ్గించకుండా. లేను అన్న మాటతో సహా. గొంతు నడవ గోడలకు తగిలి పైకెక్కి, జాలీ దాటి, వీధిలోకి పోయి ఉంటుంది. ఈసారి ఎహసాన్ తలూపాడు. ఒక్కసారే. తర్వాత నడవ దాటి వచ్చి, వెనక తలుపు గడియ తీసి, చేతికర్ర ఆవిడ మెట్టు దిగడానికి చేయందించాడు.

పై సందు, కొండ మొదలు, తల మీద కోట. అక్కణ్ణుంచి చూస్తే రేవు మొత్తం అరచేతిలో ఉన్నట్టుంటుంది, మేడల వెనక వైపులు, ఎండేసిన బట్టలు, మసీదు నీలం గుమ్మటం, నీళ్ల మీద చేప పడవలు. సఫియా అక్కడ ఎక్కువ మాట్లాడదు, చూడనిస్తుంది. ఇవాళా అంతే చేసింది. లోపల ఏదో బాగా తేలికైంది, బరువైన బిందె దించాక చేతులు వాటంతటవే పైకి లేచినట్టు. గుంపు ఫోటోలు తీసుకుంటుంటే ఎహసాన్ వచ్చి పక్కన నిలబడ్డాడు, మధ్యలో ఒక మనిషి పట్టేంత ఎడం ఉంచి.

“జహీరుద్దీన్ నిన్న కొట్టు కాడికొచ్చినాడు. నీకిస్తామన్న పని సంగతి నాకు తెలుసనుకోని ముబారక్ చెప్పినాడు.”

అదీ సంగతి. అందుకే వచ్చాడు. “మీకు నేనే చెప్పాలనుకున్యా” అంది.

“ఎప్పుడు? ఇమానం ఎక్కినాకనా?”

“ఈ పొద్దు. మీరు టికెట్లు తెచ్చే ముందు నన్ను ఒక మాట అడిగింటే, అప్పుడే చెప్పేదాన్ని.”

ఎహసాన్ రేవు వైపు తిరిగాడు. మొహం మూసిన కొట్టే, కానీ కింద సందులోంచి వెలుతురు. “ఆ జాలీ రెక్కలు” అని మొదలుపెట్టి ఆపేశాడు. ఆయన ఆ మాట పూర్తి చేయలేదు, చేయలేడని ఆమెకు అర్థమైంది, బలవంతపెట్టలేదు. మాటను ఇంకో వైపు నుంచి అందుకున్నాడు. “నేను పోవాల్సిందే. తమ్మునికి మాటిచ్చినా. ఈడ నాకు పని ల్యా.”

“పోండి. నేను వద్దనడం ల్యా.”

“నువ్వొక్కదానివే ఈడ యాడుంటావు? నీ ఎనక ఎవురుంటారు?”

“నా ఎనక దినామూ పాతికమంది నడుస్తాండారు కదా తయ్యబా అబ్బా.”

ఆయన మూతి మీద ఏదో కదిలింది. “ఎండాకాలం ఓడలు రావంట కదా.”

“రావు. ఆ నాలుగు నెల్లూ కడపకొస్తా.”

“మస్కట్ ఎండ తప్పించుకోని కడప ఎండకొస్తావా?”

ఇద్దరూ నవ్వారు, ఒకేసారి, చాలా ఏళ్ల తర్వాత. ఆ నవ్వు పూర్తయ్యే లోపలే ఆమెకు కళ్లు చెమ్మగిల్లాయి, ఎందుకంటే ఈ మనిషి పొద్దున లేస్తే చాయ్‌కి పిలవడానికి ఉండడు, గొంతు తగ్గించు అనడానికి కూడా ఉండడు, ఆ గది నిండా తన గొంతే ఉంటుంది. ఆ సంగతి తెలిసే ఊఁ అంటోంది. తెలియకుండా అని ఉంటే అది పంతమయ్యేది. దుపట్టా కొసతో కళ్లద్దుకుని, “అందరూ వచ్చారా, మెట్లు జాగ్రత్త” అని గుంపును కూడగట్టింది.

కార్నిష్ రోడ్డు మీద బస్సు ఇంజను ఆపకుండానే ఉంది. దిగువ మెట్టు మీద జహీరుద్దీన్, చేతిలో చాయ్ గ్లాసు. ఓడ మనుషులు ఒక్కొక్కరే ఎక్కుతూ ఆమె చేయి కలిపారు. కెమెరా పెద్దాయన ఎహసాన్ చేయి కూడా కలిపాడు. జహీరుద్దీన్ ఎహసాన్‌ను చూసి కొంచెం తడబడ్డాడు, అయినా అడగాల్సింది అడిగాడు, ఏమంటారని.

“క్యా బోల్తే ఆపా?”

ఆమె మొగుడి వైపు తిరగలేదు. తిరిగితే అనుమతి అడిగినట్టుంటుంది. “హౌ” అంది, ఔనని, స్పష్టంగా, ఒక్క ముక్కలో.

జహీరుద్దీన్ మొహం విప్పారింది. ఏదో చెప్పబోతుంటే ఎహసాన్ ముందుకొచ్చాడు. “మీ ఆఫీసులో టికెట్లు కూడా చూస్తారు కదా” అని దక్కనీలో అడిగాడు, కొట్టులో సరుకు గురించి అడిగే గొంతుతో. “గురువారంది ఒకటి వాపసు చేయాలి.”

“ఒకటా? కిస్కా?”

“మేరా నై” అన్నాడు ఎహసాన్, నాది కాదని.

అప్పటికే ఓడ నుంచి రెండో బస్సు వచ్చి ఆగింది, జనం ఎండకు కళ్లు చికిలించుకుంటూ దిగుతున్నారు, ఎటు చూడాలో తెలియక అన్ని వైపులా చూస్తున్నారు. సఫియా బూటు లేసు బిగించుకుని, లేచి, వాళ్లకు ఎదురు నడిచింది.